మే నెల గోదావరిఖనిలో మైనస్ 40 డిగ్రీలు

పోయిన మే నెలలో ఒక సాయంత్రం, మా మామ కారు ఇంజిన్‌లో నీళ్లు మైనస్ 40 డిగ్రీల దగ్గర ఉన్నాయని నా ఫోన్ చెప్పింది. బండి అప్పుడే మంచిర్యాల పోయి వచ్చింది. బానెట్ మీద చెయ్యి పెడితే కాలుతోంది. గోదావరిఖని ఎండాకాలం తెలిసినవాళ్లకు నేను చెప్పక్కర్లేదు. తెలియనివాళ్లకు ఒక్క మాట: ఒకవైపు సింగరేణి ఓపెన్‌కాస్టులు, ఇంకోవైపు ఎన్టీపీసీ పొగగొట్టాలు, మధ్యలో మేం. మైనస్ 40 మా ఇంట్లో ఫ్రిజ్‌లో కూడా దొరకదు.

ఆ తప్పు అంకెను పట్టుకుని అసలు లోపం దాకా ఎట్లా పోయామో ఈ వ్యాసంలో చెప్తాను. మీకు కారు లేకపోయినా చదవండి. ప్రోగ్రామ్‌లో ఎర్రర్ చూసి తలపట్టుకునే వాళ్లందరికీ ఇందులో పనికొచ్చేది ఒకటుంది. నేను ఎల్‌కేజీ నుంచి ఇంగ్లిష్ మీడియమే కాబట్టి ఒత్తులు అటూ ఇటూ అయితే మాఫ్ చెయ్యండి.

మామ కష్టం

మామ అంటే మా అమ్మ తమ్ముడు. 2017 మోడల్ డీజిల్ కారు లోన్ మీద తీసుకుని కిరాయికి నడుపుతాడు. హైదరాబాద్ ఆస్పత్రులు, కరీంనగర్ పెళ్లిళ్లు, ధర్మపురి, కాళేశ్వరం, ఎటు పిలిస్తే అటు. ఏప్రిల్ చివర్లో బండికి మూడు రోగాలు ఒకేసారి వచ్చాయి. డాష్‌బోర్డులో పసుపు రంగు ఇంజిన్ బొమ్మ వెలిగింది. రేడియేటర్ ఫ్యాన్ ఆగకుండా తిరుగుతోంది. ఏసీ ఉన్నట్టుండి చల్లగాలి ఆపేస్తోంది. మే నెలలో ఏసీ లేని బండిని ఎవరు మాట్లాడుకుంటారు? కిరాయిలు పోయినై. కిస్తీ మాత్రం ఆగదు కదా.

ఒక మెకానిక్ స్కానర్ పెట్టి "టెంపరేచర్ హై అని వస్తుంది" అన్నాడు. ఇంజిన్ వేడెక్కుతోందని థర్మోస్టాట్ మార్చాడు. లైట్ పోయింది, రెండు రోజుల్లో మళ్లీ వచ్చింది. ఇంకోచోట ఏసీ గ్యాస్ నింపారు. ఇంకోచోట టెంపరేచర్ సెన్సర్ కొత్తది వేశారు. మళ్లీ అదే కథ. చివరికి ఒకచోట "ఇంజిన్ కంప్యూటరే పోయింది, ముప్పై వేల పైన అయితది" అన్నారు. ఆ మాట విని మామ మా ఇంటికొచ్చి, చాయ్ కూడా తాగకుండా కూర్చున్నాడు.

నా దగ్గర ఒక ఓబీడీ అడాప్టర్ ఉంది. మినీ ప్రాజెక్ట్ కోసం కొన్ని వందలు పెట్టి ఆన్‌లైన్‌లో తెప్పించుకున్నది. "ఓబీడీ పెట్టి చూద్దాం మామా" అన్నాను. అమ్మ వంటింట్లోంచి "ఓబీ దగ్గరికి ఇప్పుడెందుకే?" అంది. మా దగ్గర ఓబీ అంటే ఓవర్‌బర్డెన్, అంటే ఓపెన్‌కాస్టులో బొగ్గు మీద నుంచి తీసి గుట్టలుగా పోసే మట్టి. అది వేరు, ఇది వేరు అని చెప్పేసరికి మామ ఆ రోజు మొదటిసారి నవ్వాడు.

ఈ పోర్టు ఎందుకు పెట్టారు?

ఓబీడీ అంటే ఆన్ బోర్డ్ డయాగ్నస్టిక్స్. బండి తన లోపాలను తనే గమనించి రాసిపెట్టుకోవడం. ఇది మెకానిక్‌ల సౌకర్యం కోసం పుట్టింది కాదు, పొగ వల్ల పుట్టింది. లాస్ ఏంజెలెస్ మీద కమ్ముకునే పొగమంచుతో విసిగిన కాలిఫోర్నియా, పొగ పెరిగే లోపం వస్తే బండి తనే చెప్పాలని కంపెనీలకు రూల్ పెట్టింది. 1996 మోడల్ నుంచి అమెరికాలో అమ్మే కార్లన్నిటికీ ఓబీడీ-2 తప్పనిసరి అయింది. మన దేశంలో భారత్ స్టేజ్-4తో పాటు 2010లో మొదటి దశ, 2013 ఏప్రిల్ నుంచి కార్లకు రెండో దశ వచ్చాయి. 2020 ఏప్రిల్‌లో బీఎస్-6 వచ్చాక బైకులకు కూడా ఓబీడీ మొదలైంది.

దీనివల్ల మనకు దొరికిన లాభం పెద్దది. కంపెనీ ఏదైనా సాకెట్ ఒకటే, పొగకు సంబంధించిన ముఖ్యమైన కోడ్‌ల అర్థం ఒకటే. స్టీరింగ్ కింద, డాష్‌బోర్డు అడుగున, కొంచెం వంగి చూస్తే 16 పిన్నుల సాకెట్ కనిపిస్తుంది. అందులో 16వ పిన్నులో బ్యాటరీ కరెంటు ఎప్పుడూ ఉంటుంది. 4, 5 పిన్నులు గ్రౌండ్. 6, 14 పిన్నుల్లో క్యాన్ బస్ ఉంటుంది. 1986లో బాష్ కంపెనీ బయటపెట్టిన ఈ క్యాన్, రెండు వైర్ల మీద బండిలోని కంప్యూటర్లన్నీ మాట్లాడుకునే పద్ధతి. ఒక వాట్సాప్ గ్రూప్ అనుకోండి. ఒకరు పెట్టిన మెసేజ్ అందరికీ కనిపిస్తుంది, తనకు పనికొచ్చేది ఎవరికి వాళ్లు తీసుకుంటారు.

అడాప్టర్ చేసే పని చాలా చిన్నది. ఫోన్ నుంచి బ్లూటూత్‌లో వచ్చిన ప్రశ్నను క్యాన్ మీద పెడుతుంది, జవాబును వెనక్కి పంపిస్తుంది. ఉదాహరణకు "01 05" అని అడిగామనుకోండి. 01 అంటే ఇప్పటి విలువ చెప్పు అని, 05 అంటే ఇంజిన్ నీళ్ల టెంపరేచర్ అని. జవాబుగా "41 05 74" వస్తే చివరి 74ను హెక్స్ నుంచి మార్చాలి: 7 పదహార్లు 112, దానికి 4 కలిపితే 116. అందులోంచి 40 తీసేస్తే 76 డిగ్రీలు. ఒక్క బైట్‌లో మైనస్ విలువలు కూడా పట్టాలని ఈ 40 తేడా పెట్టారు. అంటే బైట్ సున్నా అయితే స్క్రీన్ మీద మైనస్ 40 కనిపిస్తుంది.

మామ బండి ఇచ్చిన జవాబు "41 05 00". అదే పోర్టులో ఇంజిన్‌లోకి పోయే గాలి ఎంత వేడిగా ఉందని అడిగితే 46 అని చెప్పింది. గాలి 46, నీళ్లు మైనస్ 40. ఒకే బండిలో!

"హై" అంటే ఏది హై?

కోడ్‌లు చదవమని "03" పంపితే "43 01 01 18" వచ్చింది. 43 అంటే కోడ్‌ల జవాబు, మొదటి 01 అంటే ఉన్నది ఒక్కటే కోడ్ అని. ఆ ఒక్కటి 01 18, మనుషుల భాషలో పీ0118. మొదటి అక్షరం ఇంజిన్, గేర్ల వైపుకు పీ; ఛాసిస్‌కు సీ; బాడీకి బీ; కంప్యూటర్ల మధ్య మాటలకు యూ. తర్వాతి సున్నా అంటే అన్ని కంపెనీలకూ ఒకే అర్థం ఉన్న కోడ్ అని. అక్కడ 1 ఉంటే కంపెనీ సొంత కోడ్, దానికి ఆ కంపెనీ పుస్తకం చూడాలి.

పీ0118 పేరు ఇంగ్లిష్‌లో "ఇంజిన్ కూలెంట్ టెంపరేచర్ సర్క్యూట్ హై". చదవగానే నాకూ ఇంజిన్ వేడెక్కిందనే అనిపించింది. పన్నెండేళ్ల ఇంగ్లిష్ మీడియం నన్నేమీ కాపాడలేదు. మొదటి మెకానిక్ కూడా ఇట్లాగే చదివి థర్మోస్టాట్ మార్చాడు. కానీ అందులో "సర్క్యూట్" అనే మాట ఊరికే లేదు. హై అన్నది వేడిని కాదు, ఆ సర్క్యూట్ వోల్టేజీని.

ఎట్లాగంటే, ఇంజిన్ నీళ్లలో ఉండే సెన్సర్ ఒక థర్మిస్టర్. చల్లగా ఉంటే దాని రెసిస్టెన్స్ ఎక్కువ, వేడెక్కితే తక్కువ. చాలా బండ్లలో 20 డిగ్రీల దగ్గర రెండు, మూడు కిలో ఓమ్‌లు, 80 దాటాక కొన్ని వందల ఓమ్‌లు ఉంటుంది. ఇంజిన్ కంప్యూటర్ తన లోపలి రెసిస్టర్ గుండా 5 వోల్టులు పంపి, సెన్సర్ దగ్గర ఎంత మిగిలిందో కొలుస్తుంది. ఫస్టియర్‌లో చదివిన వోల్టేజ్ డివైడరే. లోపలి రెసిస్టర్ 2 కిలో ఓమ్‌లు అనుకుందాం. సెన్సర్ 2.5 కిలో ఓమ్‌లు ఉంటే 2.78 వోల్టులు కనిపిస్తాయి. సెన్సర్ 300 ఓమ్‌లకు దిగితే 0.65 వోల్టులు. అంటే వోల్టేజీ ఎక్కువైతే చలి, తక్కువైతే వేడి.

మరి వైరు తెగితే? కరెంటు పారదు, మొత్తం 5 వోల్టులూ అట్లాగే ఉంటాయి. కంప్యూటర్‌కు అది భరించలేని చలి లాగా కనిపిస్తుంది. అదే మైనస్ 40. కాబట్టి "సర్క్యూట్ హై" అంటే ఎక్కడో కనెక్షన్ తెగి ఉండవచ్చు అని. ఇంజిన్ వేడెక్కింది అని కాదు.

ఫ్యాన్, ఏసీ సంగతి కూడా ఇక్కడే తేలింది. నీళ్ల వేడి ఎంతో తెలియనప్పుడు కంప్యూటర్ చెడ్డదే ఊహించుకుంటుంది. ఇంజిన్ కాలిపోకుండా ఫ్యాన్‌ను ఆపకుండా తిప్పుతుంది. చాలా బండ్లలో బరువు తగ్గించడానికి ఏసీ కంప్రెసర్‌ను కూడా ఆపేస్తుంది. మామ ఏసీ గ్యాస్‌కు పెట్టిన డబ్బులు గాలికి పోయినట్టే.

బాపు మాట

ఇంతవరకు ఫోన్‌లో చూసి నేను చెప్పగలిగాను. ఆ తర్వాత నాకు తోచలేదు. సెన్సరా, వైరా, నిజంగా కంప్యూటరేనా? అప్పుడే బాపు ఫస్ట్ షిఫ్ట్ దిగి, అన్నం తిని, నిద్ర లేచి బయటికొచ్చాడు. బాపు బాయిలో ఎలక్ట్రీషియన్. భూగర్భ గనిని మా వైపు బాయి అంటారు. నేను చెప్పిందంతా విని ఒకటే అడిగాడు.

"బాయిల గేట్ ఎండ్ బాక్స్‌ల రిలే ట్రిప్ అయిందనుకో. రిలే ఖరాబైనట్టా?"

"కాదు."

"మరి? కేబుల్ ఎక్కడ లీకైతుందో చూస్తం. రిలే కొట్లాడుతుందంటే అది బతికున్నట్టు. మీ కోడ్ గూడ గసొంటిదే గదా."

కోడ్ గురించి నేను చదివిన పేజీలన్నిటికంటే ఈ మాటే నాకు ఎక్కువ అర్థమైంది. కోడ్ ఫలానా పార్టు చెడింది అని చెప్పదు. ఫలానా చోట నేను కొలిచింది నమ్మేలా లేదు అని మాత్రమే చెప్తుంది. మనం ప్రోగ్రామ్‌లో ఎర్రర్ వచ్చిన లైన్‌నే తిట్టుకుంటాం చూడండి. నల్ పాయింటర్ 212వ లైన్‌లో పేలుతుంది, దాన్ని నల్ చేసింది మాత్రం ఎక్కడో 40వ లైన్‌లో ఉంటుంది. 212ను మార్చడం, సెన్సర్‌ను మార్చడం, రెండూ ఒకటే పని.

మేం చేసిన పరీక్ష

ముందు కోడ్‌ను చెరపలేదు. కోడ్ పడిన క్షణంలో బండి పరిస్థితిని కంప్యూటర్ ఒక ఫొటోలాగా దాచుకుంటుంది. దాన్ని ఫ్రీజ్ ఫ్రేమ్ అంటారు. చెరిపితే అదీ పోతుంది. అందులో వేగం 38 కిలోమీటర్లు అని ఉంది. అంటే స్టార్ట్ చేసినప్పుడు కాదు, నడుస్తుంటే తెగింది. బొగ్గు లారీలు తిరిగే రోడ్ల మీద 38 అంటే గతుకుల్లో అని మామ అన్నాడు. కదిలితే తెగుతోందంటే వైరు మీద అనుమానం పెరిగింది.

బాపు మొదట రేడియేటర్ ఫ్యాన్ కనెక్టర్ పీకేశాడు. ఈ కోడ్ ఉన్నప్పుడు తాళం తిప్పితే చాలు, ఇంజిన్ ఆగి ఉన్నా ఫ్యాన్ తిరగవచ్చు. బాయిలో కరెంటు బంద్ చేసి గానీ చెయ్యి పెట్టరు, ఇక్కడా అంతే.

మొదటి పరీక్ష: సెన్సర్ కనెక్టర్ తీసి, తాళం ఆన్‌లో పెట్టి, కనెక్టర్‌లోని రెండు వైర్లను చిన్న తీగతో కలిపాం. ఇప్పుడు రెసిస్టెన్స్ దాదాపు సున్నా, కాబట్టి స్క్రీన్ మీద అంకె ఒక్కసారిగా పైకి, విపరీతమైన వేడికి పోవాలి. పోతే వైర్లు, కంప్యూటర్ బాగున్నట్టు, సెన్సర్ పోయినట్టు. మాకు మైనస్ 40 కదల్లేదు. అంటే కొత్త సెన్సర్ వేసినా లాభం లేకపోవడంలో వింత లేదు. తెగింది సెన్సర్‌కు ఇవతల.

రెండో పరీక్ష: మల్టీమీటర్. ఒక వైరుకు, బ్యాటరీ మైనస్‌కు మధ్య 5 వోల్టులు ఉన్నాయి. కంప్యూటర్ తన వంతు పంపుతోంది. బాపు ఆ వైరును ఒక్క క్షణం బ్యాటరీ మైనస్‌కు తాకించాడు. స్క్రీన్ మీద అంకె పైకి ఎగిరింది! ఈ ఒక్క క్షణమే మామ ముప్పై వేలు మిగిల్చింది. కంప్యూటర్ చూస్తోంది, కొలుస్తోంది, చెప్తోంది. మిగిలింది రెండో వైరు, గ్రౌండ్‌కు పోయేది. దానికీ బ్యాటరీ మైనస్‌కూ మధ్య మీటర్ బీప్ అనలేదు. అదే గ్రౌండ్ వాడుకునే మిగతా సెన్సర్లు సరిగ్గానే చెప్తున్నాయి కాబట్టి, తెగింది ఈ కొమ్మలోనే.

మూడో పరీక్ష: కనెక్టర్ మళ్లీ పెట్టి, నేను ఫోన్ చూస్తుంటే బాపు వైర్ల కట్టను జానెడు జానెడు కదిలించుకుంటూ పోయాడు. మైనస్ 40. మైనస్ 40. మైనస్ 40. ఒక క్లిప్ దగ్గర 76. మళ్లీ మైనస్ 40.

"ఆగు బాపూ, అక్కడే!"

పైన తొడుగు చూస్తే చిన్న గీత కూడా లేదు. కోసి చూస్తే లోపల రాగి పచ్చగా తుప్పు పట్టి తెగి ఉంది. బండి ఊగినప్పుడల్లా రెండు కొసలు తాకుతున్నాయి, విడిపోతున్నాయి. కోడ్ చెరిపాక రెండు రోజులు లైట్ రాకపోవడానికి కారణం రిపేరు కాదు, ఆ కొసలు తాకి ఉండటమే. బాపు మంచి రాగి వచ్చేదాకా కోసి, చిన్న ముక్క వైరు కలిపి సోల్డర్ చేసి, హీట్ ష్రింక్ స్లీవ్ తొడిగి, క్లిప్ కొంచెం వదులుగా పెట్టాడు. ఫ్యాన్ కనెక్టర్ గుర్తుగా తిరిగి పెట్టాడు. అప్పుడు నేను "04" పంపి కోడ్ చెరిపాను. ముగ్గురం గోదావరి బ్రిడ్జి దాకా పోయి వచ్చాం. అంకె మెల్లగా 80 దాటి అక్కడే నిలబడింది. ఫ్యాన్ అవసరమైనప్పుడే తిరిగింది. మామ ఏసీ ఫుల్ పెట్టి, అద్దాలు దించకుండా, ఏమీ మాట్లాడకుండా నడిపాడు. ఇది రాసే నాటికి లైట్ మళ్లీ రాలేదు.

మీరు చేసేముందు

మీ ఇంట్లో 2013 తర్వాతి కారు ఉంటే ఇది మీరూ చెయ్యవచ్చు. కొన్ని సంగతులు గుర్తుంచుకోండి.

కోడ్ చెరిపే ముందు కోడ్‌నూ, ఫ్రీజ్ ఫ్రేమ్‌నూ స్క్రీన్‌షాట్ తీసుకోండి. చెరపడం రిపేరు కాదు.

కోడ్ పేరును ప్రతి మాట చదవండి. పేరులో "సర్క్యూట్" ఉంటే పార్టు కొనే ముందు వైరు, కనెక్టర్ చూడండి. పీ0117 దీనికి తోడబుట్టింది: సర్క్యూట్ లో, అంటే వోల్టేజీ పడిపోయింది, వైరు ఎక్కడో గ్రౌండ్‌కు తాకుతూ ఉండవచ్చు. పెద్ద లారీల్లాంటి భారీ బండ్లు వాడే జే1939 పద్ధతి ఈ విషయంలో నయం. అందులో లోపం రకానికి వేరే అంకె ఉంటుంది: 3 అంటే వోల్టేజీ ఎక్కువ, 4 అంటే తక్కువ, 5 అంటే కరెంటు తక్కువ లేదా వైరు తెగింది.

లైవ్ డేటాను మీ చేతితో, కంటితో పోల్చుకోండి. రాత్రంతా ఆగిన బండిలో పొద్దున్నే నీళ్ల వేడి, గాలి వేడి దాదాపు ఒకటే ఉండాలి. లేకపోతే రెండిట్లో ఒకటి అబద్ధం చెప్తోంది.

వైర్లు కలిపే పరీక్ష ఇట్లాంటి రెండు వైర్ల టెంపరేచర్ సెన్సర్‌కు మాత్రమే. ఎయిర్‌బ్యాగ్ వైర్ల జోలికి అస్సలు పోవద్దు. ఏబీఎస్, ఎయిర్‌బ్యాగ్ కోడ్‌లు చాలావరకు ఈ చవక అడాప్టర్లకు కనిపించవు కూడా. అరిగిన బేరింగ్, కారుతున్న పైపు లాంటివి సెన్సర్‌కు తెలిస్తేనే కోడ్ పడుతుంది. వాటికి అనుభవం ఉన్న మెకానిక్ చెవే గొప్ప స్కానర్.

పని అయ్యాక అడాప్టర్ పీకెయ్యండి. 16వ పిన్నులో కరెంటు ఎప్పుడూ ఉంటుంది కాబట్టి రోజుల తరబడి ఆగిన బండి బ్యాటరీని అది తాగేస్తుంది. ఇంకో కారణం మన బ్రాంచిది. క్యాన్‌లో మెసేజ్ ఎవరు పంపారో సరిచూసే పద్ధతి మొదట్నుంచీ లేదు. 2015లో కాలిఫోర్నియా యూనివర్సిటీ, శాన్‌డియేగో పరిశోధకులు, ఓబీడీ పోర్టుకు పెట్టిన ఒక ఇన్సూరెన్స్ డాంగిల్‌కు ఎస్ఎంఎస్ పంపి కార్వెట్ కారు బ్రేకులను ఆడించి చూపించారు.

ఆ రాత్రి మామ మా ఇంట్లోనే తిన్నాడు. "బిడ్డా, గా డబ్బీ ఎంత?" అని అడాప్టర్ గురించి అడిగాడు. నేను ధర చెప్పాను. బాపు పళ్లెంలోంచి తల ఎత్తకుండా "డబ్బీ ఒక్కటి కొంటే కాదు బామ్మర్దీ, మీటర్ గూడ కొను" అన్నాడు. ఇప్పుడు మామ బండి డిక్కీలో రెండూ ఉన్నాయి. స్టాండ్‌లో వేరే డ్రైవర్ల బండ్లకు లైట్ వెలిగితే ముందు మామను పిలుస్తున్నారట. కోడ్ చదివాక ఆయన మొదట చెప్పే మాట: "ఏం కొనకుండ్రి, ముందుగాల వైరు చూద్దాం."